ఒకే దవాతు, రెండు కలాలు

ఈ శీర్షికకు వచ్చే ఉత్తరాలను మేమిద్దరం రాత్రి భోజనాలయ్యాక కలిసి చదువుతాము. ఎవరు సమాధానం రాయాలన్నది అప్పుడే నిర్ణయించుకుంటాము. పోయిన నెలలో వచ్చిన ఒక ఉత్తరం మాత్రం మూడు వారాలు మా బల్లమీదే ఉండిపోయింది. రాసినది ఒక తల్లి. పదహారేళ్ళ కుమార్తె తండ్రితో మాట్లాడడం మానేసి ఏడు నెలలయిందట. ఒకే ఇల్లు, ఒకే దస్తర్‌ఖాన్. అయినా మంచినీళ్ళు కావాలంటే తండ్రి తల్లికి చెబుతాడు, తల్లి కూతురికి చెబుతుంది. “వీళ్ళిద్దరి మధ్య నేను తపాలా బంట్రోతునయ్యాను” అని ఆ సోదరి రాశారు. అమ్మాయికి రంగులంటే ప్రాణమనీ, తండ్రి వాటిని అటక మీదికి చేర్చాడనీ చివర ఒక వాక్యం ఉంది. ఆ వాక్యమే మమ్మల్ని అన్ని రోజులు ఆపింది. సమాధానం తెలియక కాదు. సమాధానం చెప్పాలంటే మా ఇంటి సంగతి చెప్పవలసి వస్తుందని.

చెబుతాము. మూడేళ్ళ క్రితం మా అబ్బాయి గుంటూరులో ఇంటర్మీడియెట్ మొదటి సంవత్సరం చదువుతున్నాడు. వాడి దగ్గర గీతలు లేని తెల్ల కాగితాల పుస్తకం ఒకటి ఉండేది. అందులో బొమ్మలు గీసేవాడు. వంతెన మీద ఇరుక్కుపోయిన ఆటోలు, మిర్చి యార్డులో బస్తాలు మోసే హమాలీలు, పక్కింటి పుంజు, ఉల్లిపాయలు తరుగుతున్న వాళ్ళమ్మ చేతులు. ఒక సాయంత్రం కళాశాల నుండి భౌతికశాస్త్రం మార్కుల సందేశం ఫోనుకు వచ్చింది. ఆ సాయంత్రమే ఆ పుస్తకం చిరిగింది. చించిన చేతులు అబ్బావి. గడప దగ్గర నిలబడి, ఆపకుండా చూసిన కళ్ళు అమ్మీవి. అయినా ఈ వ్యాసంలో “మేము” అనే రాస్తున్నాము. ఆ సాయంత్రం మేమిద్దరం ఒకే పక్షాన నిలబడ్డాము కనుక.

చించిన తరువాత “ప్రాణమున్న వాటి బొమ్మలు గీయకూడదని తెలియదా?” అన్నాము. ఇక్కడ ఒకటి ఒప్పుకోవలసి ఉంది. ప్రాణుల చిత్రాలను గురించి హదీసులున్నాయి. వాటిని ఉలమాలు వివరించిన తీరులో భేదాలూ ఉన్నాయి. ఆ చర్చకు ఈ శీర్షిక చోటు కాదు. మా తప్పు అక్కడ లేదు. అంతకు ముందు మూడేళ్ళుగా వాడు అవే బొమ్మలు గీస్తుంటే చూస్తూనే ఉన్నాము. బంధువులు వచ్చినప్పుడు పుస్తకం తెప్పించి మరీ చూపించి మురిసిపోయాము. మార్కులు తగ్గిన రోజునే మాకు ధర్మం గుర్తుకు వచ్చింది. ముందు కోపం చూపించాము, తరువాత దానికి ధర్మాన్ని అడ్డు పెట్టుకున్నాము. పదహారేళ్ళు దాటిన పిల్లవాడికి ఆ తేడా తెలియదని అనుకున్నాము.

వాడు ఎదురు చెప్పలేదు. “అలాగే అబ్బా” అన్నాడు. ఆ తరువాత పదకొండు నెలల పాటు మాకు వాడి నోట వినిపించినవి దాదాపు ఆ రెండు మాటలే. భోజనానికి పిలిస్తే అలాగే. నమాజుకు పిలిస్తే అలాగే. బొమ్మలు గీయడం మానేశాడు. మేము మానమన్నవి మాత్రమే కాదు, అన్నీ. తరగతి పుస్తకాల అంచుల్లో గీసే పిచ్చిగీతలు కూడా కనబడకుండా పోయాయి. చిరిగిన కాగితాలను అమ్మీ ఆ రాత్రి ఊడ్చి, పారేయడానికి చెయ్యి రాక, ఒక బియ్యపు సంచిలో కట్టి బీరువా అడుగున దాచింది.

మేము ప్రయత్నాలు చేయకపోలేదు. వాళ్ళ మామూను పిలిపించి హితవు చెప్పించాము. కొత్త ఫోను కొనిపెట్టాము. క్షమాపణ కూడా అడిగాము. కానీ “అయిందేదో అయింది, నువ్వు కూడా కాస్త…” అని దానికొక తోక తగిలించి. తోక ఉన్న క్షమాపణ పిల్లలకు తోకగానే వినబడుతుంది.

దారి తెరిచినది మా పెద్దమ్మాయి నికాహ్ శుభలేఖ. ఉర్దూ వైపు చేతిరాతతో ఉండాలని వియ్యాలవారి కోరిక. మా వీధి చివర కూతురింట్లో ఉంటున్న ఒక వృద్ధుడు ఒకప్పుడు కాతిబ్ అని తెలిసింది. హైదరాబాదులో ఛత్తా బజారు శుభలేఖలకూ కితాబత్‌కూ పేరుపడిన చోటు. అక్కడ పని నేర్చి, తరువాత ఒక ఉర్దూ దినపత్రికలో ఇరవై ఏళ్ళు వార్తలు చేత్తో రాసిన మనిషి ఆయన. నేటి పిల్లలకు ఇది వింతగా ఉంటుంది కానీ, ఉర్దూ పత్రికలు చాలాకాలం అక్షరాలు పేర్చి కాక, కాతిబ్‌లు రాసిన పుటలనే అచ్చువేసేవి. నస్తాలీఖ్ అక్షరం పక్క అక్షరాన్ని బట్టి రూపు మార్చుకుంటుంది. పదం కుడి నుండి ఎడమకు మెట్లు దిగినట్లు వాలుతూ పోతుంది. సీసపు అచ్చులకు అది లొంగలేదు. 1981లో నూరీ నస్తాలీఖ్ వచ్చి, తరువాత తొంభైల దశకంలో ఇన్‌పేజ్ వంటి సాఫ్ట్‌వేరు ప్రతి కార్యాలయానికీ చేరాక కాతిబ్‌ల బల్లలు ఒక్కొక్కటిగా ఖాళీ అయ్యాయి. చెన్నైలో 1927లో పుట్టిన ‘ముసల్మాన్’ దినపత్రిక మాత్రం కంప్యూటర్లు వచ్చాక కూడా ఏళ్ళ తరబడి చేతిరాతను విడిచిపెట్టలేదు. ఆ సంగతి చెప్పేటప్పుడల్లా మా ఉస్తాద్ సాహెబ్ కొంచెం నిటారుగా కూర్చుంటారు.

శుభలేఖ ముసాయిదా ఇచ్చి రమ్మని అబ్బాయిని పంపాము. అరగంట పని. వాడు మగ్రిబ్ దాటాక వచ్చాడు. వేళ్ళ నిండా నల్లటి మరకలు. వంటగదిలోకి నేరుగా వచ్చి, ఎవరూ అడగకుండానే అన్నాడు: “అమ్మీ, ఆయన పాళీని ఏటవాలుగా కోస్తాడు. కోసేటప్పుడు టక్కుమని చప్పుడు రావాలట. రాకపోతే కోత సరిగ్గా పడనట్లే.” పదకొండు నెలల తరువాత అది మా ఇంట్లో వాడు మాట్లాడిన మొదటి పెద్ద మాట.

వాడు శుక్రవారం అసర్ తరువాత అక్కడికి వెళ్ళడం మొదలుపెట్టాడు. అబ్బా కూడా వెళ్ళాలన్నది అమ్మీ ఆలోచన. ఉస్తాద్‌ను అడిగితే ఆయన పాన్‌దాన్ మూసి, “నేర్చుకోవడానికైతే రండి భాయ్, కాపలాకైతే వద్దు” అన్నారు. అబ్బాయికి ఇది నచ్చలేదు. మొదటి వారం వాడు తన చాపను గదికి అవతలి గోడ దగ్గరకు లాక్కున్నాడు.

కితాబత్ నేర్చుకోవడం ఎలా ఉంటుందో కొంచెం చెప్పాలి, ఎందుకంటే మాకు జరిగినదంతా ఆ పద్ధతిలోనే ఉంది. మొదటి నెల అక్షరం లేదు. కలం చెక్కడం మాత్రమే. ఎండిన వెదురు పుల్లనో రెల్లునో చాకుతో చీల్చి, కొసను పలచగా చేసి, చివరకు పాళీని ఒక్క వేటుతో ఏటవాలుగా కోయాలి. ఆ కోతను ఖత్ అంటారు. అబ్బాయి మూడో రోజుకే ఆ చప్పుడు తెప్పించాడు. అబ్బా వేలు కోసుకున్నాడు. తరువాత సిరాబుడ్డి. దవాతులో సిరా అలాగే పోసి ఉంచరు. పట్టుదారపు పోగుల ముద్ద వేసి, సిరాను దానికి పీల్పిస్తారు; అప్పుడు కలం కావలసినంత సిరానే అందుకుంటుంది. ఉస్తాద్ ఇద్దరికీ కలిపి ఒకే దవాతు ఇచ్చారు. పొదుపు కోసమేనన్నారు. మా అనుమానం వేరు. గోడ దగ్గరి చాప రెండో నెలలో దవాతుకు చెయ్యి అందేంత దూరానికి జరగక తప్పలేదు.

ఆ తరువాత అలిఫ్. రెండు నెలలు అలిఫ్, బే, జీమ్. అక్షరాన్ని కొలిచేది స్కేలుతో కాదు, అదే పాళీ కాగితం మీద వేసే నలుపలకల చుక్కతో. నస్తాలీఖ్‌లో అలిఫ్ ఎత్తు మూడు చుక్కలు. ఈ చుక్కల లెక్కను వెయ్యేళ్ళకు పైబడిన కిందట బాగ్దాదులో వజీరుగా ఉన్న ఇబ్న్ ముఖ్లా స్థిరపరిచాడని చెబుతారు. రాజకీయాల్లో చిక్కుకుని అతని కుడిచేతినే నరికించారు, 940లో చెరలో మరణించాడు. ఈ కథ విన్న రోజు అబ్బాయి ఇంటికి వచ్చాక కూడా చాలాసేపు తన చేతినే చూసుకుంటూ కూర్చున్నాడు.

శిష్యుడు రాసినదాన్ని గురువు ఎర్ర సిరాతో దిద్దుతాడు. అక్షరం పక్కన ఎర్రటి చుక్కలు పేర్చి, ఎక్కడ పెరిగిందో ఎక్కడ తగ్గిందో చూపుతాడు. మొదటి దిద్దుబాటులో అబ్బాయి అలిఫ్ రెండున్నర చుక్కలు. అబ్బాది నాలుగున్నర, పైగా వంకర. ఉస్తాద్ ముందు తండ్రి కాగితం తీసుకున్నారు. “భాయ్, మీ అలిఫ్‌కు తొందర ఎక్కువ. రాసేవాడి తొందరే దానికి వచ్చింది” అని పక్కన అయిదు ఎర్ర చుక్కలు పెట్టి కొడుకు ఎదురుగానే తిరిగి ఇచ్చారు. నలభై ఏడేళ్ళ మనిషికి, ఇంట్లో ఎవరి తప్పులనైనా తానే దిద్దే మనిషికి అది ఎలా ఉంటుందో చెప్పనవసరం లేదు. చెవులు ఎర్రబడ్డాయి. లేచి వెళ్ళిపోవాలనిపించింది. వెళ్ళకపోవడానికి కారణం గొప్ప సహనమేమీ కాదు. కాళ్ళు తిమ్మిరెక్కి వెంటనే లేవలేకపోవడమే. ఆ కాస్త ఆలస్యంలో అబ్బాయి కాగితం మీది నుండి తల ఎత్తకుండా అన్నాడు: “అబ్బా, గీత పూర్తయ్యేదాకా ఊపిరి ఆపి ఉంచాలి. మీరు మధ్యలో వదిలేస్తున్నారు.”

నిజమే. మధ్యలో వదిలేస్తున్నాడు.

మేము చెప్పదలచుకున్నది ఈ ఒక్క చోటనే ఉంది. కలిసి బొమ్మలు గీయండి, కలిసి అల్లికలు చేయండి అని పుస్తకాలన్నీ చెబుతాయి. పిల్లవాడు గీస్తుంటే పక్కన కూర్చుని “బాగుంది, ఇక్కడ కొంచెం నీలం వెయ్యి” అనే తల్లిదండ్రులు కలిసి చేయడం లేదు. పరీక్షాధికారి కుర్చీని చాప మీదికి తెచ్చుకున్నారు, అంతే. మా ఇంట్లో మార్పు తెచ్చినది కళ అని కూడా మేము అనము. తండ్రి తప్పు చేయడాన్ని, ఆ తప్పును మరొకరు దిద్దడాన్ని, దిద్దిన తరువాత కూడా తండ్రి అక్కడే కూర్చుని మళ్ళీ రాయడాన్ని వాడు వారం వారం చూశాడు. అంతకు ముందు వాడు చూసిన తండ్రి ఎప్పుడూ ఎర్ర సిరా పట్టుకున్నవాడే.

అమ్మీకి దక్కిన పని సిరా తయారీ. బజారు సిరా ఉస్తాద్‌కు ఆనదు. ఆముదపు దీపం మీద ఇత్తడి పళ్ళెం బోర్లించి మసి పట్టడం మా అమ్మమ్మలు కాటుకకు చేసిన పనే. ఆ మసిని, రాత్రంతా నానబెట్టిన తుమ్మజిగురుతో కలిపి నూరాలి. గంట కాదు, రెండు గంటలు కాదు; రోజుల తరబడి. తల్లీ కొడుకూ వంతులు వేసుకుని నూరేవారు. నూరేటప్పుడు కళ్ళు కల్వంలోనే ఉంటాయి, ఎవరూ ఎవరి ముఖం చూడనక్కరలేదు. డిసెంబరులో ఒక రాత్రి అలా నూరుతూ నూరుతూ వాడు “అమ్మీ, నేను ఇంజనీరింగ్ చదవలేను” అన్నాడు. అమ్మీ “నూరు, పలుకు తగులుతోంది” అంది. అది సరైన సమాధానమో కాదో ఇప్పటికీ మేము తేల్చుకోలేదు. కానీ వాడు కల్వం వదిలి వెళ్ళిపోలేదు. ఇంకొక గంట చెబుతూనే ఉన్నాడు.

జనవరిలో తండ్రీ కొడుకులిద్దరూ కలాలకు రెల్లు తేవడానికి హైదరాబాదు వెళ్ళారు. ఉస్తాద్ చెప్పారని కుతుబ్‌షాహీ సమాధుల దగ్గర ఒక పూట గడిపారు. అక్కడి నల్లరాతి సమాధుల మీద చెక్కిన అక్షరాలను వాడు వేలితో తడుముతూ, నస్ఖ్ ఎక్కడ, సులుస్ ఎక్కడ, నస్తాలీఖ్ ఎక్కడ అని తండ్రికి చూపించాడు. తిరుగు రైలులో ఇంటర్ పరీక్షల గురించి ఒక మాట నాలుక చివరి దాకా వచ్చింది. రాకుండా ఆపుకోవడం మూడు చుక్కల అలిఫ్ కన్నా కష్టమయింది.

అంతా చక్కబడిందని ఎవరూ అనుకోవద్దు. వేసవిలో వాడు ఇంజనీరింగ్ ప్రవేశపరీక్ష కేంద్రం దాకా వెళ్ళి, రాయకుండా తిరిగి వచ్చాడు. ఆ రోజు మా ఇంట్లో గొంతులు మళ్ళీ లేచాయి. కట్టిన డబ్బు, పోయిన ఏడాది, చుట్టుపక్కలవారి పిల్లలు, అన్నీ వచ్చాయి. మేము మారలేదని వాడికీ, వాడు మారలేదని మాకూ అనిపించిన రోజు. అయితే శుక్రవారం వచ్చింది. అసర్ తరువాత ఇద్దరూ వేరువేరుగా బయలుదేరి, ఒకే దవాతు దగ్గర కూర్చున్నారు. మాట్లాడుకోలేదు. రాశారు.

పదవ నెలలో ఉస్తాద్ ఇద్దరినీ కలిసి ఒక్కటి రాయమన్నారు. అబ్బా పొడుగాటి ఆయత్ ఒకటి ఎంచాడు. “రెండు చేతులు ఒక వాక్యం రాయలేవు, ఒక మాట చూసుకోండి” అన్నారు ఆయన. అబ్బాయి “యా బునయ్య” అన్నాడు. ఆ పిలుపు తెలిసినవారికి వివరించనక్కరలేదు: చిన్ని నాయనా అన్నంత లాలనగా కొడుకును పిలిచే మాట. దివ్య ఖుర్ఆన్‌లో నలుగురు తండ్రులు తమ కొడుకులను ఇలా పిలిచారు. హితవు చెబుతూ లుఖ్మాన్, కలను సోదరులకు చెప్పవద్దంటూ యాఖూబ్ (అలైహిస్సలాం), నీ అభిప్రాయం ఏమిటని అడుగుతూ ఇబ్రాహీం (అలైహిస్సలాం). నాలుగోవారు నూహ్ (అలైహిస్సలాం). కొడుకు మాట వినలేదు, ఓడ ఎక్కలేదు, అలలు లేస్తున్నాయి. అయినా ఆ తండ్రి పిలుపు మారలేదు. మా పుస్తకం చిరిగిన సాయంత్రం మేము వాడిని ఏమని పిలిచామో ఇక్కడ రాయము.

ఎవరు ఏ భాగం రాయాలన్నది ఉస్తాద్ తేల్చారు. “యా” పిలుపు కనుక పిలిచేవాడు రాయాలి, “బునయ్య” పలికేవాడిది. పద్నాలుగు కాగితాలు పాడయ్యాయి. పదిహేనవది ఇప్పుడు మా ముందుగదిలో ఉంది. దగ్గరకు వెళ్ళి చూస్తే అలిఫ్ మూడు చుక్కలకు ఒక పావు ఎక్కువే ఉంటుంది.

అబ్బాయి ఒక ఏడాది ఆగి, ఇప్పుడు వేరే ఊరిలో లలితకళలు చదువుతున్నాడు. అక్కడ మనుషుల బొమ్మలు గీయిస్తారు. ఈ విషయంలో వాడికీ మాకూ ఏకాభిప్రాయం లేదు. వాడు ఒక ఆలిమ్ దగ్గరకు వెళ్ళి స్వయంగా అడిగి వచ్చాడని తెలిసింది. వారేమన్నారో వాడు చెప్పలేదు. మేము అడగలేదు.

ఉత్తరం రాసిన సోదరికి: ముందు ఒక సంగతి కనిపెట్టండి. అమ్మాయి తిండి, నిద్ర తప్పినా, గది నుండి బయటకు రాకపోయినా, బ్రతుకు మీద విసుగు మాటలు మాట్లాడినా రంగులూ కాగితాలూ తరువాత; మొదట వైద్యునికి చూపించండి. టెలీ మానస్ 14416కు ఎవరైనా ఉచితంగా ఫోను చేయవచ్చు, తెలుగులో మాట్లాడతారు. అటువంటిదేమీ లేకపోతే, రంగులను అటక మీది నుండి దింపండి. దింపేది మీరు కాదు, దాచినవారే దింపాలి. దింపి అమ్మాయి చేతికి ఇచ్చి తప్పుకోకూడదు. తనకూ ఒక కుంచె తీసుకోవాలి. బంధువులకు పంపే ఈద్ కార్డులు ఈసారి ఇంట్లోనే చేయవచ్చు. ఆయన గీసే నెలవంక అరటికాయలా ఉంటుందని మా నమ్మకం. ఉండనివ్వండి. అమ్మాయి నవ్వితే నవ్వనివ్వండి. ఆ వేళలో చదువు, ఫోను, స్నేహితురాళ్ళ ప్రస్తావన రాకూడదు. చేసినవాటిని చుట్టాలకు చూపించి మెప్పు వసూలు చేయకూడదు. మేము ఆ పని చేసినవాళ్ళమే కనుక చెబుతున్నాము. మొదటి రోజే మాటలు రావు. మా ఇంట్లో చాప గోడ నుండి జరగడానికే రెండో నెల దాకా పట్టింది.

ఒక సంగతి మిగిలింది. పోయిన సెలవులకు వచ్చినప్పుడు అబ్బాయి రాత్రి భోజనం చేస్తూ, “అమ్మీ, ఆ ముక్కలు ఉన్నాయా?” అని అడిగాడు. ఏ ముక్కలని ఎవరూ అడగలేదు. బీరువా అడుగు నుండి బియ్యపు సంచి వచ్చింది. వాడు చాప మీద అన్నీ పరిచాడు. పుంజు తోక ఒకచోట, ఆటో చక్రం ఒకచోట, ఉల్లిపాయ మీద సగం చెయ్యి. అబ్బా లోపలికి వెళ్ళి, సిరాకు నానబెట్టగా మిగిలిన తుమ్మజిగురు గిన్నె తెచ్చి పక్కన కూర్చున్నాడు.

“వద్దు అబ్బా, అతికించకండి” అన్నాడు వాడు. గొంతులో కోపం లేదు.

చాలాసేపు చూశాడు. హమాలీ భుజం, దాని మీద బస్తా అంచు ఉన్న ముక్కను ఒకదాన్ని తీసి తన కొత్త పుస్తకంలో పెట్టుకున్నాడు. తక్కినవన్నీ మళ్ళీ సంచిలో కట్టి అమ్మీకి ఇచ్చాడు. అవి బీరువాలోనే ఉన్నాయి.